భార్యాభర్తల మధ్య ఒక పియానో

మా ఆడపడుచు కూతురు రష్యాలో మెడిసిన్ చదువుతోంది. వెళ్ళిన కొత్తలో ఫోన్ చేస్తే చలి గురించీ, హాస్టల్ కూరల గురించీ చెప్పుకుని ఏడ్చేది. మొన్న డిసెంబరు 31 రాత్రి మాత్రం వేరే కబురు చెప్పింది. "అత్తా, ఇక్కడందరూ టీవీ ముందు కూర్చున్నారు. ఎప్పుడో 1975లో తీసిన సినిమా. ప్రతి ఏడూ ఇదే రోజు వేస్తారట. మా హాస్టల్ చూసుకునే పెద్దావిడ డైలాగులన్నీ ముందే చెప్పేస్తోంది, అయినా కళ్ళార్పకుండా చూస్తోంది" అంది. మనకి పండగ పూట 'మాయాబజార్' వేసినట్టన్నమాట అనుకున్నాను.

మర్నాడు ఆ సినిమాలోవి రెండు పాటలు ఫోన్‌కి పంపింది. భాష ఒక్క ముక్క తెలియదు. అయినా పొయ్యి మీద పప్పు పొంగి మంట ఆరిపోయేదాకా వింటూ నిలబడిపోయాను. ఎవరు చేశారే ఇవి అని అడిగితే ఒక పేరు పంపింది. అది తిన్నగా పలకడానికి నాకు రెండు రోజులు పట్టింది. మికాయెల్ తరివెర్దియెవ్.

పేరు చూసి రష్యన్ అనుకున్నాను. కాదు, ఆర్మీనియన్. 1931 ఆగస్టు 15న జార్జియా రాజధాని త్బిలిసిలో పుట్టాడు. ఆ ఊళ్ళో ఆర్మీనియన్లు తరతరాలుగా ఉన్నారు, మద్రాసులో మన తెలుగువాళ్ళు పాతుకుపోయినట్టు. ఇంటిపేరుకి అసలు అర్థం 'దేవుడిచ్చాడు' అని. మనవాళ్ళయితే దేవదత్తుడనేవాళ్ళు. తండ్రి బ్యాంకులో పెద్ద ఉద్యోగి. కలిగిన కుటుంబం. పిల్లాడికి ఇరవై నిండకముందే అతని బాణీలకు ఆ ఊరి నాట్యపాఠశాల పిల్లలు బ్యాలేలు ఆడారు. అంతలో 1949లో తండ్రిని అరెస్టు చేశారు. స్టాలిన్ రోజులు. నిన్నటిదాకా ఇంటికొచ్చి కాఫీలు తాగిన వాళ్ళు ఈ రోజు వీధిలో ఎదురైతే పక్కకి తిరిగిపోయే రోజులు.

(చిన్నప్పుడు మా నాన్న ట్రంకుపెట్టె నిండా సోవియట్ పుస్తకాలుండేవి. విశాలాంధ్రవాళ్ళ వ్యాను ఊళ్ళోకి వస్తే కొన్నవి. తళతళలాడే అట్టలు, చవక ధరలు, ముచ్చటైన తెలుగు. వాటిలో అందరూ ధీరులే. ఇలా ఇంటిపెద్దను పట్టుకుపోయిన కథ ఒక్కటీ చదివిన గుర్తు లేదు.)

మికాయెల్ కొన్నాళ్ళు ఆర్మీనియా రాజధాని యెరెవాన్‌లో సంగీతం చదివాడు. అక్కడ ఇమడలేక మాస్కో వెళ్ళి గ్నేసిన్ సంగీత విద్యాలయంలో చేరాడు. గురువు ఎవరనుకున్నారు? ఆరామ్ ఖచతూరియన్. ఈ పేరు కొత్తగా అనిపించినా ఆయన 'కత్తుల నాట్యం' బాణీ మీరు ఏ సర్కస్‌లోనో వినే ఉంటారు. ఆయనా త్బిలిసి ఆర్మీనియనే. 1935లో వచ్చిన మొదటి ఆర్మీనియన్ టాకీ 'పేపో'కి సంగీతం ఆయనదే. అంటే సినిమాకి పాట కట్టడం నామోషీ అనుకునే గురువు కాదు. ఆ రోజుల్లోనే జారా దొలుఖానోవా అనే గొప్ప గాయని, ఆవిడా ఆర్మీనియనే, ఈ కుర్రాడి పాటలు మాస్కో కన్సర్వేటరీ పెద్ద హాల్లో పాడింది. పేరున్న గాయని కొత్తవాడి పాటలు ఎత్తుకోవడమంటే మాటలా!

1957లో చదువు ముగిసింది. ఆ మరుసటి ఏడాదే సినిమాకి సంగీతం. అక్కణ్ణుంచి చివరిదాకా చేసినవి 132 సినిమాలు. అన్నీ గొప్పవని నేననను, చూడనూ లేదు. నాలుగు ఆపెరాలు, వందకి పైగా విడి పాటలు, ఆర్గన్ మీద వాయించే పెద్ద రచనలు కూడా ఉన్నాయి. మిఖాయిల్ కాలిక్ అనే దర్శకుడితో చేసిన 'సూర్యుడి వెంట వెళ్ళిన మనిషి' (1961) మాత్రం పిల్లలున్న తల్లులు చూడాల్సిన సినిమా. ఒక బుజ్జిగాడు సూర్యుడి వెంట నడుస్తూ పోతే ఎక్కడికి చేరతామో చూద్దామని పొద్దున్నే ఊరంతా తిరగడానికి బయల్దేరతాడు. కథ అంతే. మిగతా అంతా సంగీతమే చెబుతుంది.

కానీ ఈ వ్యాసం రాయడానికి నన్ను కూర్చోబెట్టింది అది కాదు. 1973లో వచ్చిన 'వసంతంలో పదిహేడు క్షణాలు' అనే టీవీ సీరియల్. పన్నెండు భాగాలు. తీసింది ఒక స్త్రీ, తత్యానా లియోజ్నోవా. గూఢచారి కథ అనగానే తుపాకులూ, కార్ల ఛేజింగులూ ఊహించుకుంటాం. ఇందులో అవి దాదాపు లేవు. యుద్ధం చివరి రోజుల బెర్లిన్. జర్మన్ యూనిఫారంలో శత్రువుల మధ్యే ఉద్యోగం చేస్తూ స్టిర్లిట్జ్ అనే మారుపేరుతో బతికే సోవియట్ గూఢచారి. ఎవరితోనూ సొంత భాషలో ఒక్క మాట మాట్లాడకూడదు. నిద్రలో కలవరించినా ప్రమాదమే.

ఏళ్ళ తరబడి ఇంటి మొహం చూడని ఆ మనిషికి ఒకసారి భార్యను చూపించడానికి పైవాళ్ళు ఏర్పాటు చేస్తారు. ఏనుగు పేరున్న ఒక కెఫే. అతనొక బల్ల దగ్గర. ఆవిణ్ణి మరొకరితో కలిసి వచ్చినట్టు దూరంగా ఇంకో బల్ల దగ్గర కూర్చోబెడతారు. పలకరించుకోకూడదు. దగ్గరికి రాకూడదు. చూసుకోవచ్చు, అంతే. నాలుగైదు నిమిషాల పైమాటే ఉంటుంది ఆ ఘట్టం. ఒక్క మాట లేదు. పియానో ఒక్కటే. వినేవాళ్ళ గుండె పిండటానికి ఎక్కడా గొంతు పెంచదు. ఒక స్వరం వేసి ఆగుతుంది, చూసి, మళ్ళీ ఒక స్వరం. నాకైతే ఆ ఆగిన చోట్లే మాటలు వినిపించాయి. 'చిక్కిపోయావు', 'అమ్మ ఎలా ఉంది', 'ఆ కోటు నేను కొన్నదేనా'.

నవలలో ఈ ఘట్టం లేదు, తెరమీద చేర్చిందే. మాటలు రాయడానికి వీల్లేని చోట దర్శకురాలు సంగీతాన్ని నమ్మింది. తరివెర్దియెవ్ మొదట ఈ సీరియల్‌కి ఉత్సాహం చూపలేదట. గూఢచారి కథకి తను చేసేదేముంది అనుకున్నాడు. ఆ తర్వాత ఒక దారి దొరికింది. ఇది గూఢచారి కథ కాదు, ఇంటికి దూరమైన మనిషి కథ అనుకున్నాడు. అంతే, బాణీలు వచ్చేశాయి. ఎన్నో పాటలు అనుకుంటే చివరికి మిగిలినవి రెండే. మాటలు రాబర్ట్ రొజ్దెస్త్వెన్స్కీవి, గొంతు జోసెఫ్ కోబ్జోన్‌ది. 'నీ గొంతులా వినపడకుండా పాడు' అని అంత పెద్ద గాయకుడి చేత మళ్ళీ మళ్ళీ పాడించారట!

సీరియల్ వస్తున్న సాయంత్రాలు వీధులు ఖాళీ అయ్యాయని చెప్పుకుంటారు. మనకి దూరదర్శన్‌లో 'రామాయణం' వచ్చిన ఆదివారాల గురించి మా అమ్మ చెప్పేది గుర్తొచ్చింది.

ఒక టెలిగ్రాం

ఇక్కడే కథ అడ్డం తిరిగింది. సీరియల్ పేరు మారుమోగుతున్న వేళ సంగీతకారుల సంఘానికి ఫ్రాన్సు నుంచి వచ్చినట్టుగా ఒక టెలిగ్రాం చేరింది. కింద ఫ్రాన్సిస్ లై పేరు. 'లవ్ స్టోరీ' (1970) సినిమా సంగీతానికి ఆస్కార్ అందుకున్నాయన. మీ సినిమాలో నా సంగీతం విజయవంతమైనందుకు అభినందనలు అని దాని సారాంశం. అంటే దొంగిలించావని నవ్వుతూ చెప్పడమే.

నిజమా అని ఆయన్ని అడిగినవాళ్ళు తక్కువ. నమ్మేసినవాళ్ళు ఎక్కువ. రేడియోలో ఆయన పాటలు తగ్గిపోయాయి. కచేరీల్లో ఎవరో లేచి అడగడం, ఆయన తలదించుకోవడం. ఒకటికి రెండుసార్లు సంజాయిషీ చెప్పుకుంటే మరింత అనుమానం. చివరికి ఎలాగో ఫ్రాన్సిస్ లైనే అందుకుని అడిగితే, అలాంటి టెలిగ్రాం నేను పంపనే లేదని ఆయన జవాబిచ్చాడు. తోటివాళ్ళలో ఎవరో సరదాకి చేసిన పని అని తర్వాత చెప్పుకున్నారు. సరదా! 1976లో ఆ సీరియల్‌కి రష్యన్ రిపబ్లిక్ ప్రభుత్వ బహుమతి వచ్చింది. రచయితకి, దర్శకురాలికి, కెమెరామన్‌కి, నటులకి. సంగీత దర్శకుడి పేరు ఆ జాబితాలో లేదు.

నేను రెండు బాణీలూ పక్కపక్కన పెట్టుకుని విన్నాను. సంగీతం నేర్చుకున్నదాన్ని కాదు, విని విని పట్టుబడిన చెవి మాత్రమే. రెండింటిలోనూ ఒకే రకమైన దిగులుంది, పియానో ఉంది. మేనత్త పోలిక ఉన్నంత మాత్రాన మేనత్త బిడ్డ అయిపోతుందా?

ఈ టెలిగ్రాం గురించి చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. కారణం చెబుతాను. కొన్నేళ్ళ క్రితం నా కథ ఒకటి ఒక పత్రికలో వచ్చింది. భర్త పోయాక అతని స్కూటర్ అమ్మడానికి మనసొప్పని ఒకామె కథ. మా పక్కింట్లో జరిగింది చూసి రాసుకున్నది. రెండు వారాలు తిరిగేసరికి 'ఇది ఫలానా భాషలోని కథకి కాపీ' అని పాఠకుల ఉత్తరాల్లో పడింది. కింద పేరు కూడా లేదు, 'ఒక పాఠకుడు' అని. పత్రికవాళ్ళు నన్ను ఒక్క మాట అడగలేదు. నేను వివరంగా జవాబు రాసి పంపితే వేయలేదు. ఆ కథ పేరేమిటో చెప్పమని బతిమాలాను, ఎవరూ చెప్పలేదు. చెప్పడానికి ఉంటేగా! మా వారు "పోనిద్దూ, ఎవరు చదువుతారు" అన్నారు. ఓదార్పే అది, కాదనను. కానీ ఏడాదిన్నర కలం పట్టలేదు నేను. ఏది రాయబోయినా ఎక్కడో చదివినట్టే అనిపించేది. బయటివాళ్ళ అనుమానం కంటే నా మీద నాకు పుట్టిన అనుమానమే ఎక్కువ బాధపెట్టింది.

తరివెర్దియెవ్ మాత్రం చేతులు కట్టుకు కూర్చోలేదు. ఆ అపవాదు మోస్తూనే చేసిన సినిమానే, మా పిల్ల హాస్టల్లో చూసినది.

ఒక స్త్రీకి మూడు గొంతులు

'విధి విలాసం' అనుకోవచ్చు దాని పేరు. దర్శకుడు ఎల్దార్ ర్యజానోవ్. 1976 జనవరి 1న మొదటిసారి టీవీలో వచ్చింది. కథ వింటే నవ్వొస్తుంది. మాస్కోలో ఒక డాక్టరు, కొత్త సంవత్సరం ముందురోజు స్నేహితులతో తాగి, వేరే స్నేహితుడు ఎక్కాల్సిన విమానం తను ఎక్కేస్తాడు. లెనిన్‌గ్రాడ్‌లో దిగి మాస్కోనే అనుకుని ఇంటి అడ్రసు చెబుతాడు. అక్కడా అదే పేరు వీధి, అదే నంబరు భవనం, అదే ఫ్లాటు. తాళంచెవి కూడా పట్టేస్తుంది! అన్నీ ఒకే అచ్చులో కట్టిన ఇళ్ళు మరి. నగరాల్లో మన అపార్టుమెంట్లు చూస్తుంటే ఇక్కడా జరగదని చెప్పలేం. ఆ ఇంట్లో ఉండేది నాద్యా అనే స్కూలు టీచరు. ముప్పై దాటిన ఆడది, పెళ్ళి కుదరబోతున్న ఆడది.

ఆ నాద్యాకి తెరమీద రూపం బార్బరా బ్రిల్స్కా అనే పోలండు నటిది. మాట వలెంతినా తలీజినా అనే రష్యన్ నటిది. పాట అల్లా పుగచోవాది. అప్పుడప్పుడే పైకొస్తున్న గాయని. ఒక్క టీచరమ్మకి ముగ్గురు ఆడవాళ్ళు. పరభాషా నటీమణులకి మన డబ్బింగు కళాకారిణులూ, సుశీలమ్మా, జానకమ్మా ప్రాణం పోయడం చూస్తూ పెరిగినవాళ్ళం, మనకిది కొత్త కాదు. పుగచోవాది స్టేజీ మీద హోరెత్తించే గొంతు. తరివెర్దియెవ్ ఆవిడ చేత టేకు మీద టేకు పాడించాడట, ఆ హోరు పోయి, ఒక ఒంటరి మనిషి తన వంటింట్లో తనకోసం పాడుకున్నట్టు వచ్చేదాకా.

పాటల మాటలు సినిమా కోసం రాయించినవి కావు. అన్నీ అసలైన కవిత్వం. మరీనా త్స్వెతాయెవా, బెల్లా అఖ్మదూలినా, పాస్తెర్నాక్ లాంటివాళ్ళవి. త్స్వెతాయెవా గురించి ఒక్క మాట చెప్పాలి. ప్రవాసంలో పేదరికం, కరువులో ఒక బిడ్డ చావు, తిరిగొచ్చాక భర్తా కూతురూ జైలుపాలు. 1941లో ఉరివేసుకుని పోయింది. ఆ తర్వాత చాలా ఏళ్ళు ఆవిడ పుస్తకాలు అచ్చు కాలేదు. అలాంటి మనిషి కవిత్వం పండగ రాత్రి దేశంలో ప్రతి ఇంట్లోకీ నడిచొచ్చింది, ఒక నవ్వుల సినిమా కొంగు పట్టుకుని. కవి పేరు తెలియనివాళ్ళు కూడా పాడుకున్నారు. ఇది మామూలు పని కాదని నా ఉద్దేశం. శాస్త్రీయానికీ సినిమాపాటకీ మధ్యన మూడో దారి ఒకటి ఉంది, కవిత్వాన్ని చెడకుండా జనంలోకి తీసుకెళ్ళే దారి అని ఆయన వాదించేవాడు.

1977లో ఈ సినిమాకి సోవియట్ ప్రభుత్వ బహుమతి ఇచ్చారు. ఈసారి జాబితాలో ఆయన పేరు ఉంది.

ర్యజానోవ్‌కి ఇంకో కథా ఈయన జీవితమే ఇచ్చిందంటారు. ఒక రోడ్డు ప్రమాదంలో కారు నడిపింది తను ప్రేమించిన స్త్రీ అయితే, నేనే నడిపానని నేరం మీద వేసుకుని కోర్టుల చుట్టూ తిరిగాడట. దాన్ని బీజంగా తీసుకుని ర్యజానోవ్ 1982లో 'ఇద్దరికి ఒక స్టేషన్' తీశాడు. చేయని నేరాన్ని మాట్లాడకుండా మోసినవాడికి, చేయని దొంగతనాన్ని అంటగట్టారు చూడండి. ప్రేమ కోసం నేరం మోయడాన్ని సినిమాలో చూస్తే కన్నీళ్ళొస్తాయి గానీ, మా అన్నయ్యో తమ్ముడో చేస్తే చీవాట్లు పెడతాను నేను.

1983లో వేరా ఆయన జీవితంలోకి వచ్చింది. ఒక పత్రికకి సంగీతం గురించి రాసే అమ్మాయి. ఆయన కంటే ఇరవై ఆరేళ్ళు చిన్న. నలుగురూ నాలుగు రకాలుగా అనుకునే ఉంటారు. ఆ పదమూడేళ్ళలో ఆయన సినిమాలు తగ్గించి ఆర్గన్ వైపు మళ్ళాడు. 1986లో చెర్నోబిల్ అణు ప్రమాదం జరిగిన కొన్ని నెలలకే అక్కడికి వెళ్ళాడు. చూసి వచ్చాక ఆర్గన్ మీద ఒక సింఫనీ రాశాడు. రెండే భాగాలు. మొదటి దాని పేరు 'మండలం'. మనుషుల్ని ఖాళీ చేయించి కంచె వేసిన నేల. దాన్ని ఒకసారి విన్నాను. రెండోసారి వినలేకపోయాను. పిల్లలు స్కూలు నుంచి ఇంకా రాలేదు, బయట మబ్బుగా ఉంది, ఎందుకో భయం వేసి ఆపేశాను. అది ఆయన తప్పు కాదు.

గుండె జబ్బు. 1990లో లండన్‌లో ఆపరేషన్ జరిగింది. ఆ తర్వాత ఆరేళ్ళు బతికి, 1996 జూలై 25న నల్లసముద్రం ఒడ్డున సోచీలో కన్నుమూశాడు. అరవై అయిదు నిండలేదు. మాస్కోలోని ఆర్మీనియన్ల శ్మశానవాటికలో పూడ్చిపెట్టారు. ఎక్కడ పుట్టినా ఎక్కడ బతికినా చివరికి తనవాళ్ళ మధ్యకే చేరాడు.

'నేను ఊరికే బతుకుతున్నానంతే' అని అర్థం వచ్చే పేరుతో ఆయన రాసుకున్న జీవితకథను వేరా 1997లో అచ్చువేయించింది. ఆయన ఆపిన చోటు నుంచి ఆవిడ భాగం. అక్కడితో ఊరుకోలేదు. కాగితాలూ టేపులూ పోగుచేసింది. 1999 నుంచి కాలినిన్‌గ్రాడ్‌లో ఆయన పేరున అంతర్జాతీయ ఆర్గన్ పోటీలు మొదలయ్యాయి. 'సినిమా పాటలాయన' అని చప్పరించేసినవాళ్ళకి జవాబు అనుకోండి. ఒక ఇంగ్లీషు సంగీతకారుడు మాస్కో కెఫేలో ఆయన బాణీ విని, ఎవరిదిది అని వెతుక్కుంటూ వేరా దగ్గరికి చేరాడు. అలా 2015లో లండన్ నుంచి ఆయన సినిమా సంగీతం రికార్డులుగా వచ్చింది. నాలాంటి వాళ్ళ దాకా అది రావడానికి వెనక ఆ పెట్టెలు సర్దిన చేతులున్నాయి. మా వారితో ఈ మాటే అంటే, "నీ కథల ఫైలు నేను సర్దాలా ఏమిటి" అన్నారు. సర్దితే తప్పేమిటట?

ఇది రాయడం మొదలుపెట్టాక ఒక మధ్యాహ్నం ఆ కెఫే ఘట్టం మా అత్తగారికి చూపించాను. "అమ్మమ్మకి చూపించు అత్తా" అని పిల్ల పోరు పెట్టింది. మా మామగారు మిలట్రీలో చేశారు. పెళ్ళయిన పదకొండేళ్ళలో ఇంటి పట్టున ఉన్నది ఎన్ని నెలలో ఆవిడ ఇప్పటికీ వేళ్ళ మీద లెక్కేసి చెబుతుంది. కథ రెండు ముక్కల్లో చెప్పి ఫోన్ చేతికిచ్చాను. కళ్ళజోడు సర్దుకుని, ఫోన్ మొహానికి దగ్గరగా పెట్టుకుని చూసింది. పియానో ఆగింది. కాసేపు ఏమీ అనలేదు. తర్వాత కోపంగా అంది, "అంత దూరం నుంచి ఆ పిల్లని తీసుకొచ్చి, మాట్లాడుకోనివ్వకుండా పంపించేస్తారటే?"

"అవునత్తయ్యా, మాట్లాడితే ప్రాణం మీదికొస్తుంది."

ఫోన్ నా చేతిలో పెడుతూ, "ఏదీ, ఇంకోసారి పెట్టు" అంది.